రెండు పాయింట్ నాలుగు

ఫిబ్రవరి 2, సోమవారం

ఈ గళ్ల నోటుబుక్కు ఆదివారం పంపే పదకేళి గడులు కట్టుకోవడానికి కొన్నది. వెనకవైపు నుంచి ఇలా రాసుకుంటే ఎవరూ తిప్పి చూడరు. మా ఆయన గడుల జోలికి రాడు. మా అమ్మాయి గువ్వ ఒకప్పుడు వచ్చేది, ఇప్పుడు మానేసింది.

పొద్దున జరిగింది రాయాలి. స్నానాల గదిలో గువ్వ మెడ వంచి పీచుతో రుద్దాను, పదహారేళ్ల పిల్లని. మెడ వెనక మట్టి పేరుకుందని నెల రోజులుగా చెబుతున్నాను. అది వినిపించుకోదు, కాలర్ ఉన్న చొక్కాలు వెతుక్కుని మరీ వేసుకుంటుంది. ఇవాళ నాకు ఒళ్లు మండి నేనే లోపలికి వెళ్లాను.

"అది పోదమ్మా! నేను రుద్దాను, పోవట్లేదు" అని అరిచింది.

"నువ్వు రుద్దే తీరు నాకు తెలీదా? అన్నీ పైపైనేగా."

మెడ ఎర్రగా కందింది కానీ నలుపు పోలేదు. పిల్ల ఏమీ తినకుండా స్కూలుకు వెళ్లిపోయింది.

ల్యాబ్‌లో రక్తం తీసే కుర్చీ పక్కన నిలబడి రోజుకు యాభై మెడలు చూస్తాను. అలాంటి నలుపు, కొంచెం మందంగా, ముట్టుకుంటే మఖమల్ గుడ్డలా ఉండేది, కనబడిందంటే డాక్టర్ చీటీ విప్పకముందే అందులో ఏం రాసుంటుందో చెప్పేస్తాను. ఫాస్టింగ్ ఇన్సులిన్, ఫాస్టింగ్ గ్లూకోజు. ఒంట్లో ఇన్సులిన్ ఉంటుంది కానీ ఒళ్లు దాని మాట వినదు. వినట్లేదని ఇంకా ఇంకా ఊరుతుంది. ఆ మొండితనం ఎంతుందో తేల్చడానికి రెండు అంకెల్నీ గుణించి నాలుగొందల ఐదుతో భాగిస్తాం. వచ్చింది రెండున్నర దాటితే మా ల్యాబ్‌లో ఎర్ర సిరాతో గుండ్రం చుడతాం.

గువ్వది అది కాదు. స్కూలు సంచీ పట్టీ ఒరుసుకుని నల్లబడింది. చెమట కూడా.

ఫిబ్రవరి 4, బుధవారం

సంచీ పట్టీలు భుజాల మీద ఉంటాయి, మెడ మీద కాదు. ఇవాళ చూశాను.

ఫిబ్రవరి 8, ఆదివారం

రెండు వందల పన్నెండో గడి పొద్దున ఏడింటికి నూట నలభై మూడు మంది ఫోన్లకు వెళ్లిపోయింది. వారం మొత్తంలో నాకు మనసు తేలికగా ఉండే గంట ఇదొక్కటే.

పత్రికలో వచ్చే గడికి పైన ఒక ఎడిటర్ ఉంటాడు. ఇన్ని గళ్లే ఉండాలంటాడు, ఈ మాట జనానికి తెలియదంటాడు, పోయిన వారం వేసిన మాటే మళ్లీ వేయమంటాడు. ఒకప్పుడు ఆ ముచ్చటా తీరింది నాకు. ఇప్పుడు నా గడికి నేనే యజమానిని. పోయిన నెల అన్నీ వంటింటి సామాన్లతో కట్టాను. ఒకసారి మెట్ల ఆకారంలో కట్టాను. నల్లగడి ఒక్కటీ లేకుండా నాలుగు అడ్డాలు, నాలుగు నిలువులు కుదర్చడానికి ఒకసారి పదకొండు రోజులు పట్టింది. ఆ పదకొండు రోజులూ కూర మాడ్చానని మా ఆయన ఇప్పటికీ దెప్పుతాడు.

నింపేవాళ్లు కూడా తక్కువవాళ్లు కాదు. ఓడలో వంట చేసే ఒకాయన రేవు చేరినప్పుడల్లా మూడు నాలుగు గడులు కలిపి పంపుతాడు. ఒక పళ్ల డాక్టరు తన దగ్గర నోరు తెరుచుకుని పడుకున్నవాళ్లకు ఆధారాలు చదివి వినిపిస్తుందట. వాళ్లు అడ్డు చెప్పలేరన్న ధీమా ఆవిడది.

తెలియని గడి ముందు కూర్చోవడంలో ఉన్న సుఖం చెబితే అర్థం కాదు. అరగంట ఏమీ తోచదు. ఇంతేనా నా బుర్ర అనిపిస్తుంది. లేచి కూరగాయలు తరుగుతుంటే జవాబు పిలవకుండానే వస్తుంది. అప్పుడు కత్తి పడేసి, తడి చేతుల్తోనే పెన్ను కోసం పరుగు. గువ్వ తొమ్మిదేళ్లప్పుడు బస్సులో ఒక ఆధారం చదివి వినిపించాను, ఎటునుంచి వచ్చినా చిన్న నిద్రే, మూడక్షరాలు అని. వింటూ వింటూ నా ఒళ్లో నిద్రపోయింది. దిగాల్సిన చోటు వచ్చిందని లేపితే కళ్లు నులుముకుంటూ "కునుకు!" అంది. బస్సులో అందరూ మా వైపు చూశారు. ఆ రోజు నుంచి నా గడి ముందుగా దానికే చూపించేదాన్ని.

ఎందుకంటే కట్టినవాళ్లు తమ గడిని తామే పరీక్షించుకోకూడదు. జవాబు ముందే తెలిసినవాళ్ల కంటికి ఆధారం ఎప్పుడూ సరిగ్గానే కనిపిస్తుంది. ఇప్పుడు ఆ పని పోస్టుమాస్టరు గారు చేస్తున్నారు. రిటైరై ఎనిమిదేళ్లయింది కానీ తప్పు అడ్రసు ఉన్న ఉత్తరాన్ని వెనక్కి పంపే అలవాటు పోలేదు. శుక్రవారం నేను గడి పంపుతాను, శనివారానికల్లా చీవాట్లు వస్తాయి.

ఇవాళ గువ్వను అడిగాను, "ఒకసారి చూస్తావా?" అని. "తర్వాత చూస్తాలేమ్మా" అంది. పది గంటలకు మళ్లీ పడుకుంది. తిన్న గంటకే నిద్ర. ఇంత బద్ధకం ఎక్కణ్ణుంచి వచ్చిందో.

ఫిబ్రవరి 10, మంగళవారం

మా ఆయన లిఫ్టులు బాగుచేస్తాడు. మాటలు తక్కువ. ఇవాళ స్క్రూలు డబ్బాల్లో సర్దుకుంటూ తల ఎత్తకుండానే అన్నాడు.

"దాన్ని ఒకసారి మీ ల్యాబ్‌కి తీసుకెళ్లరాదూ. రక్తం తీసేది నువ్వేగా."

"ఎందుకు?"

"ఎందుకంటే నాకేం తెలుసు. తింటే నిద్రొస్తుందంటుంది, లేస్తే ఆకలంటుంది. మూడు నెలలైందట బయట చేరక."

"అది మీతో చెప్పిందా?"

"ఎవరితో ఒకరితో చెప్పుకోవాలిగా."

"నాతో చెప్పొచ్చుగా!"

"నీతో చెబితే తిడతావంట." ఒక స్క్రూ ఏ డబ్బాలోదో తెలియక కాసేపు పట్టుకుని చూశాడు. "నేను అనలేదు, అదే అంది."

మూడు నెలలు. ల్యాబ్‌లో ఎవరి కూతురైనా ఇలా అంటే నేను పేరు రాసుకోవడానికి కూడా ఆగను. కానీ ల్యాబ్‌లో తీస్తే దాని పేరు కంప్యూటర్‌లోకి ఎక్కుతుంది. కౌంటర్‌లో కూర్చునే ఆవిడ చూస్తుంది. మా పాథాలజిస్టు డాక్టరమ్మ సంతకం పెట్టాలి. అంతమంది నోళ్లలో నా పిల్ల పడడం నాకిష్టం లేదు.

అది అసలు కారణం కాదు. ఇక్కడైనా నిజం రాసుకోవాలి. మా అమ్మకు షుగరుతో కళ్లు పోయాయి. చివరి ఆరేళ్లు ఒక్క అక్షరం చూడలేదు. నేను ఆధారాలు చదివితే గళ్లన్నీ తలలోనే పెట్టుకుని జవాబులు చెప్పేది. అందరూ ఆహా అనేవారు, నేను మాత్రం లేచి వంటింట్లోకి వెళ్లిపోయేదాన్ని. ఆ జబ్బు నన్ను వదిలి నా పిల్లను పట్టుకుందని ఒక అంకె చెబితే వినే ధైర్యం నాకు లేదు.

ఇంట్లోనే తీస్తాను. నేను తీసి, నేనే మెషీన్‌లో పెట్టి, నేనే చూసుకుంటాను.

ఫిబ్రవరి 12, గురువారం

స్కూలు హెల్త్ కార్డు కోసమని చెప్పి పొద్దున ఆరూ నలభైకి తీశాను. చెయ్యి చాచింది కానీ నా వైపు చూడలేదు. ఒక్క ట్యూబే తీశాను. టిఫిన్ డబ్బా సంచీలో పక్కగా నిలబెట్టాను.

రక్తాన్ని సెంట్రిఫ్యూజ్‌లో గిర్రున తిప్పి పైకి తేలే సీరం వేరు చేయడానికి గంట దాటకూడదు. ఏడున్నరకు ల్యాబ్‌లో ఉంటానుకున్నాను. రోడ్డు తవ్వారని బస్సు ఊరంతా తిప్పింది. సీటు దొరకలేదు, సంచీ ఒకటే ఊపు. దిగేసరికి తొమ్మిదీ పది.

సీరం కొంచెం గులాబీ రంగులో ఉంది. ఎక్కువేం కాదు, కొంచెమే. ఎర్రకణాలు పగిలితే ఇన్సులిన్ తక్కువ చూపిస్తుందంటారు, కొంతవరకు. పేరు లేకుండా 'ట్రయల్' అని రాసి మెషీన్‌లో పెట్టాను.

గ్లూకోజు ఎనభై ఆరు. ఇన్సులిన్ పదకొండు పాయింట్ రెండు. గుణించి భాగించాను. రెండు పాయింట్ నాలుగు.

రెండున్నర లోపే. బాత్రూంలోకి వెళ్లి కొళాయి తిప్పి ఏడ్చాను. సంతోషంతోనే.

ఫిబ్రవరి 13, శుక్రవారం

రెండు పాయింట్ నాలుగు. అంటే జబ్బు లేదు. అంటే అంతా బద్ధకమే.

ఫిబ్రవరి 16, సోమవారం

ఇవాళ్టి నుంచి గువ్వకు లిఫ్టు బంద్. నాలుగంతస్తులూ ఎక్కి దిగాలి. పొద్దున అయిదున్నరకు లేచి వీధి చివరిదాకా రెండుసార్లు పరుగు. బిస్కెట్లు, బ్రెడ్డు, జామ్ అన్నీ అల్మరాలో పెట్టి తాళం వేశాను.

"ఊళ్లో లిఫ్టులన్నీ నేను నడిపిస్తాను, నా కూతురు మాత్రం మెట్లెక్కాలా?" అన్నాడు మా ఆయన. నవ్వించాలని చూశాడు, నేను నవ్వలేదు. సాయంత్రం అతని పనిముట్ల సంచీలో బిస్కెట్ కాగితం దొరికింది. తండ్రీ కూతుళ్లిద్దరినీ నిలబెట్టి కడిగేశాను.

మూడో అంతస్తు దగ్గర గువ్వ గోడకు ఆనుకుని నిలబడితే కింద నుంచి నేనన్న మాటలు ఇవీ. "నీ రిపోర్టు శుభ్రంగా ఉంది. నీకు రోగం లేదు, రొష్టు లేదు. ఒళ్లు వంచకపోవడమే నీ జబ్బు."

"ఏ రిపోర్టు?" అంది. "స్కూలు కార్డుకన్నావు?"

నేను మాట మార్చాను. అది అక్కడే నిలబడి నా వైపు కాసేపు చూసి మిగతా మెట్లు ఎక్కింది.

ఫిబ్రవరి 18, బుధవారం

గువ్వ భోజనానికి రాలేదు. ఆకలి లేదట. నా మాట పనిచేస్తోంది.

ఫిబ్రవరి 19, గురువారం

ఇవాళా ఆకలి లేదట.

ఫిబ్రవరి 21, శనివారం

పోస్టుమాస్టరు గారు గడి వెనక్కి పంపారు. రెండు వందల పద్నాలుగో గడిలో నిలువు ఏడు దగ్గర ఆయనకు కోపం వచ్చింది. ఫోన్ చేశారు.

"అమ్మా, 'అల్మరాకి కొత్తగా పడింది, రెండక్షరాలు' అని ఇచ్చారు. ఏం పడిందమ్మా? రంగు పడిందా? బూజు పడిందా?"

"తాళమండీ."

"మీ ఇంటి అల్మరాకి మీరేం వేసుకున్నారో ఊళ్లోవాళ్లకి ఎలా తెలుస్తుందమ్మా?"

నాకు నవ్వొచ్చింది, ఆయనకు రాలేదు.

"అదొక్కటే కాదు. ఈసారి సగం ఆధారాలు ఇలాగే ఉన్నాయి. మీరు జవాబు ముందే ఖాయం చేసుకుని ఆధారాన్ని దానికి తగ్గట్టు వంచారు. ఇదే వేరేవాళ్లు కట్టి మీకు పంపితే ఒప్పుకునేవారా?"

"ఒప్పుకోను."

"మరి?"

సాయంత్రమంతా కూర్చుని ఆరు ఆధారాలు మార్చాను. పని బాగానే సాగింది కానీ మనసు దాని మీద లేదు. ఆయన అడిగిన చివరి మాట గడిని గురించే. ఇంకేదాని గురించో అన్నట్టు నేనెందుకు ఉలిక్కిపడ్డానో తెలియదు.

ఫిబ్రవరి 24, మంగళవారం

ఇవాళ గువ్వ ఇంటి తాళంచెవి మర్చిపోయి స్కూలు నుంచి నేరుగా ల్యాబ్‌కి వచ్చింది. ఉక్కగా ఉందని జుట్టు పైకి ముడేసుకుంది. నేను తాళంచెవి కోసం సంచీ వెతుకుతుంటే డాక్టరమ్మ మైక్రోస్కోప్ ముందు నుంచి లేచి వచ్చింది. పిల్లతో ఏం చదువుతున్నావు, ఎలా ఉన్నావు అని రెండు మాటలు మాట్లాడింది. గువ్వ వెళ్లాక తలుపు దగ్గరగా వేసింది.

"నీ కూతురికి ఫాస్టింగ్ ఇన్సులిన్ చూశావా?"

"చూశాను మేడమ్. రెండు పాయింట్ నాలుగు."

"నా సంతకానికి రాలేదే?"

"ఊరికే, ట్రయల్‌గా పెట్టాను."

"ఎక్కడ తీశావు?"

"ఇంట్లో."

డాక్టరమ్మ కళ్లజోడు తీసి కోటు అంచుతో తుడుచుకుంది. "మీ ఇంట్లో సెంట్రిఫ్యూజ్ ఉందా?"

 జవాబు కోసం ఆవిడ ఆగలేదు. తలుపు తీస్తూ, "ఆ మెడ నేను పది అడుగుల దూరం నుంచి చూశాను. నువ్వు రోజూ అన్నం పెడుతున్నావు" అంది.

ఫిబ్రవరి 25, బుధవారం

శాంపిళ్లు తీసుకునే కిటికీ పక్కన గోడకు ఒక కాగితం అంటించి ఉంటుంది. ఏ శాంపిల్ తీసుకోకూడదో అందులో ఉంటుంది. నాలుగేళ్ల కిందట రాసింది నేనే, చేతిరాత నాదే. రెండో వరుస, సీరం ఎర్రబడినది. మూడో వరుస, గంటలోపు వేరు చేయనిది. కింద పెద్ద అక్షరాలతో, ఎవరు తెచ్చినా సరే.

ఇవాళ పొద్దున్నే ఒక కలెక్షన్ సెంటర్ నర్సు పంపిన ట్యూబు గులాబీ రంగులో వచ్చింది. ఫోన్ చేసి దులిపేశాను. "ఎవరి బిడ్డో మళ్లీ సూది పొడిపించుకోవాలి కదమ్మా, ఈ ఒక్కసారికి పోనివ్వండి" అంది. "తప్పు అంకె ఇచ్చి పంపేకన్నా సూది నయం" అన్నాను. ఫోన్ పెట్టేసి గోడ మీద కాగితం మళ్లీ చదివాను.

నాకు తెలుసు. పన్నెండో తారీకు పొద్దున ట్యూబు వెలుతురుకు పెట్టి చూసినప్పుడే తెలుసు. తెలిసి మెషీన్‌లో పెట్టాను.

ఫిబ్రవరి 26, గురువారం

పొద్దున ఆరింటికి గువ్వ మంచం అంచున కూర్చున్నాను. పరుగుకు లేపడానికి వచ్చాననుకుని దుప్పటి తీసేసింది.

"పరుగు వద్దు. ఏమీ తినకుండా నాతో ల్యాబ్‌కి రా. మళ్లీ రక్తం తీయాలి."

"మళ్లీ ఎందుకు? శుభ్రంగా ఉందన్నావుగా."

"మొదటిసారి నేను తప్పుగా చేశాను."

మా ఆయన ఇద్దరినీ పనికెళ్లే బండి మీద దింపాడు.  గువ్వ పేరు, వయసు, నా పేరు కౌంటర్‌లో రాయించాను. కౌంటర్ ఆవిడ మామూలుగా రాసుకుని చీటీ ఇచ్చింది, అంతే. దీనికా నేను అంత భయపడింది. రక్తం నన్ను తీయనివ్వలేదు డాక్టరమ్మ, "నువ్వు బయట కూర్చో" అంది. అరగంట ఆగి తిప్పితే సీరం లేత పసుపు రంగులో తేటగా వచ్చింది.

గ్లూకోజు తొంభై ఎనిమిది. ఇన్సులిన్ ఇరవై ఎనిమిది. ఆరు పాయింట్ ఎనిమిది.

ఎర్ర సిరాతో గుండ్రం నేనే చుట్టాను.

గువ్వ ల్యాబ్ వెనకవైపు మెట్ల మీద కూర్చుని అరటిపండు తింటోంది. నేనూ పక్కన కూర్చున్నాను. 

"ఎంతొచ్చింది?"

"ఆరు పాయింట్ ఎనిమిది. రెండున్నర దాటకూడదు."

అరటితొక్కను మడిచి మడిచి చిన్నది చేసింది. "అయితే మెడ మీదది మట్టి కాదు."

"కాదు."

"తినగానే నిద్ర రావడం?"

"దీనివల్లే."

"ఆకలి?"

"అదీ దీనివల్లే. తిన్నది ఒంటికి సరిగ్గా అందదు, అందుకే మళ్లీ వేస్తుంది."

గువ్వ ఏడుస్తుందనుకున్నాను. ఏడవలేదు, ఊపిరి వదిలింది. "నేను తిండిపోతుననుకున్నానమ్మా. క్లాసులో అందరికంటే చెడ్డదాన్ననుకున్నాను. ఎంత ఆపుకున్నా ఆగేది కాదు" అంది. నాకు ఆ మెట్ల మీద నుంచి లేచి ఎటైనా పోవాలనిపించింది.

"మరి మొన్న తక్కువెందుకొచ్చింది?"

చెప్పాను. టిఫిన్ సంచీ, బస్సు, రెండున్నర గంటలు, గులాబీ రంగు, అన్నీ చెప్పాను.

"ఇంకెవరి పిల్లదైనా అయితే ఏం చేసేదానివి?"

"పారబోసి మళ్లీ రమ్మనేదాన్ని."

"అప్పుడు నీకు తెలుసా, అది తప్పని?"

తెలియదంటే సరిపోయేది. బస్సు ఆలస్యమైంది, హడావుడిలో గమనించలేదు అంటే నమ్మేది కూడా.

"తెలుసు" అన్నాను.

గువ్వ లేచి నాలుగు మెట్లు కిందకు దిగి, నాకు వీపు పెట్టి కూర్చుంది. మా ఆయన బండి వచ్చేదాకా అక్కడే కూర్చుంది.

మార్చి 1, ఆదివారం

గడి పంపలేదు. నాలుగేళ్లలో ఇదే మొదటిసారి. పదకొండు మంది రాశారు. పళ్ల డాక్టరు తన రోగులు దిగులు పడుతున్నారంది. పోస్టుమాస్టరు గారు ఫోన్ చేసి, "ఒంట్లో బాగోలేదా అమ్మా?" అని అడిగారు. "మా అమ్మాయికండీ" అన్నాను. "అయితే గడి ఆగుతుంది, ఏం కాదు. పిల్లను చూసుకోండి" అన్నారు. మొట్టమొదటిసారి ఆయన నా తప్పు ఒక్కటీ ఎత్తి చూపలేదు, అందుకు కూడా ఏడుపొచ్చింది.

గువ్వకు క్షమించమని చెప్పాను. "సరే" అంది. ఆ సరే ఎలాంటిదో నాకు తెలుసు. రక్తం తీసే కుర్చీ పక్కన నిలబడి నేనూ రోజుకు వంద సార్లు అలాంటి సరేలు అంటాను.

మార్చి 3, మంగళవారం

పిల్లల డాక్టరు దగ్గరకు ముగ్గురం వెళ్లాం. షుగరు ఇంకా రాలేదు, రాకుండా ఆపుకునే వయసే అన్నాడు. పస్తులు వద్దన్నాడు. వేళకు తినాలి, తిన్నాక ఒక పావుగంట నడవాలి, బాగా నిద్రపోవాలి. నెలసరికి ఇంకో రెండు పరీక్షలు రాశాడు. మూడు నెలలకు మళ్లీ రక్తం చూడాలి. గువ్వ తన సంగతులన్నీ తనే చెప్పుకుంది, నేను నోరు తెరవలేదు. పస్తుల మాట వచ్చినప్పుడు ఆయన "ఎవరు చెప్పారు అలా మానేయమని?" అని అడిగాడు. "ఎవరూ చెప్పలేదు, నేనే" అంది గువ్వ. నా వైపు చూడకుండానే అంది. నన్ను కాపాడిందో, నా పేరు ఎత్తడం ఇష్టం లేకపోయిందో తెలియదు.

అల్మరా తాళం తీసేశాను. మా ఆయన పనిముట్ల సంచీలో ఉన్న రెండు బిస్కెట్ ప్యాకెట్లు తనంతట తనే తెచ్చి బల్ల మీద పెట్టాడు. "ఇవీ తప్పేనట" అన్నాడు. ఇంట్లో నేనొక్కదాన్నే దోషిని కాదని నాకు చెప్పడానికి అలా చేశాడు. అతనికి మాటలు తక్కువ.

మార్చి 5, గురువారం

భోజనం అయ్యాక తండ్రీ కూతుళ్లు నడకకు వెళ్లారు. నన్ను రమ్మనలేదు. కిటికీలోంచి చూశాను.

మార్చి 6, శుక్రవారం

గువ్వ లిఫ్టులో వచ్చింది. నేనేమీ అనలేదు. ఏమీ అనకుండా ఉండడం ఇంత కష్టమని తెలియదు. నాలుక చివరిదాకా వచ్చిన మాటలు లెక్కపెడితే పొద్దున్నుంచి తొమ్మిది.

మార్చి 8, ఆదివారం

గడి వెళ్లింది. చిన్నదే కట్టాను. ఎవరినీ ఏడిపించని గడి.

మార్చి 10, మంగళవారం

సాయంత్రం వంటింట్లో ఉన్నాను. తలుపు చప్పుడైంది. బూట్లు విప్పడం, సంచీ కుర్చీ మీద పడేయడం వినిపించాయి. ఎప్పటిలా నేరుగా తన గదిలోకి వెళ్తుందనుకున్నాను. వంటింటి గుమ్మం దగ్గరకొచ్చి ఆగింది.

"అమ్మా, ఆకలేస్తోంది."

చేతిలో గరిటె అలాగే ఉండిపోయింది. ఈ ఇంట్లో ఆ మాట నా చెవిన పడి ఎన్నాళ్లైందో నాకు గుర్తు రాలేదు. ఇప్పుడే కదా, మళ్లీ ఏంటి, వేళాపాళా లేదా, ఇన్నేళ్లుగా దానికి జవాబుగా నేనన్నవన్నీ మాత్రం గుర్తొచ్చాయి.

"ఏం పెట్టను?" అన్నాను.

"గుడ్లున్నాయా?"

"ఉన్నాయి."

రెండు ఉడకబెట్టాను. దోసకాయ ముక్కలు తరిగాను. గట్టు మీదకు ఎక్కి కూర్చుని స్కూల్లో ఎవరో ప్రయోగశాలలో గాజు జాడీ పగలగొట్టిన సంగతి చెప్పింది. సగం నాకే చెబుతోంది, సగం గోడకు. నేను పెంకు ఒలిచి ఇస్తుంటే రెండు గుడ్లూ తినేసింది, ముక్కలన్నీ తినేసింది. ఖాళీ పళ్లెం పక్కన పెట్టకుండా ఒళ్లోనే పట్టుకుంది.

"ఇంకా ఆకలిగా ఉందా?" అని అడిగాను.

 నా మొహం వైపు చూసింది. చాలాసేపు చూసింది.

"ఉంది" అంది.

ఇంకో గుడ్డు నీళ్లలో వేశాను.